కళ్ళు తిరుగుతున్నాయంటే నిజంగానే తిరుగుతాయి

గుంటూరు జిల్లా నుంచి ఒకావిడ నాలుగు పేజీల ఉత్తరం రాశారు. పేరు వద్దన్నారు. కుదించి చెప్తాను.

ఆవిడకి 47 ఏళ్లు, ప్రైవేటు స్కూల్లో లెక్కల టీచరు. ఏడు నెలల కిందట ఒక తెల్లవారుజామున మంచం మీద కుడివైపుకి ఒత్తిగిలితే ఫ్యానూ గోడలూ గిర్రున తిరిగిపోయాయి. అర నిమిషమో ముప్పావు నిమిషమో, అంతే. కానీ వాంతయింది, మంచం పట్టీ పట్టుకుని వణికిపోయారు. ఊళ్లో ఆర్‌ఎంపీ గ్యాస్ అని ఇంజెక్షన్ చేశారు. టౌన్లో డాక్టరు ఎక్స్‌రే చూసి మెడ ఎముకలు అరిగాయని కాలరు పెట్టించారు. తగ్గకపోతే మెదడుకి ఎమ్మారై తీయించారు, అంతా నార్మల్. ఐదు నెలలుగా తిరుగుడు తగ్గడానికిచ్చే సిన్నరిజిన్, బీటాహిస్టిన్ మాత్రలు రోజూ వేసుకుంటున్నారు. ఇప్పుడు అంత గట్టిగా తిరగడం లేదు గానీ అది తగ్గడం వల్ల కాదు, కుడివైపుకి తిరగడమే మానేశారు. మూడు దిండ్లు పెట్టుకుని సగం కూర్చునే పడుకుంటారు, అటక మీదకి తలెత్తి చూడరు, స్కూటీ అమ్మేశారు. నడిస్తే దూది మీద నడుస్తున్నట్టుంది, పగలంతా మత్తు. రెండు నెలలుగా కుడిచెయ్యి సన్నగా వణుకుతోంది.

ఉత్తరంలో రెండో సగం వాళ్ల నాన్నగారి గురించి. ఆయన వెనక్కి వెనక్కి పడిపోయేవారు. మూడేళ్లు పార్కిన్సన్ అని మందులు వాడారు, ఫలితం లేదు. అన్నం చొక్కా మీద పోసుకునేవారు, మెట్లు దిగలేకపోయేవారు. చివరికి ఒక న్యూరాలజిస్టు వేలు పైకీ కిందికీ ఆడించి చూడమని, కళ్ళు కిందికి దిగడం లేదని గమనించి, ఇది పీఎస్‌పీ అనే వేరే మెదడు జబ్బు అన్నారు. ఆయన పోయి రెండేళ్లయింది. ఇప్పుడు కొత్తగా చూస్తున్న ఈఎన్‌టీ డాక్టరు 'మీకు కళ్ళ కదలికల పరీక్ష చేయిద్దాం' అనేసరికి ఈవిడకి గుండె జారిపోయింది. రోజూ పొద్దున్నే అద్దం ముందు నిలబడి తన కళ్ళు కిందికి దిగుతున్నాయో లేదో చూసుకుంటున్నారు. భర్త, 'ఎమ్మారైలోనే ఏం లేదన్నాక ఇంకా పరీక్షలెందుకు, అంతా టెన్షనే' అంటున్నారు. అత్తగారేమో పైత్యం, జీలకర్ర కషాయం తాగమంటున్నారు. ఆ పరీక్షలో చెవిలో నీళ్లు పోస్తారని, చచ్చేంతగా తిరుగుతుందని ఎవరో చెప్పారు. చేయించుకోవాలా? నాన్నకొచ్చిందే నాకూ వస్తోందా? మావారికి ఏమని చెప్పాలి? ఇవీ ఆవిడ ప్రశ్నలు.

చూడండమ్మా, ముందొక మాట. నేను ఆడియాలజిస్టుని, అంటే చెవికి సంబంధించిన పరీక్షలు చేసే మనిషిని. మనుషుల కళ్ళకి కెమెరా గాగుల్స్ తగిలించి వాటి కదలికలు రికార్డు చేసే పనే నా పని. మీ జబ్బు ఇదీ అని ఉత్తరం చదివి తేల్చలేను, తేల్చకూడదు కూడా. కానీ మీ ఉత్తరంలో రెండు మూడు వేరు వేరు విషయాలు ముడిపడిపోయి ఒకే పెద్ద భయంగా కనిపిస్తున్నాయి. ముడి విప్పితే అందులో సగం భయం దానంతటదే తగ్గుతుందనిపిస్తోంది.

మన భాషలో ఒక చక్కని సంగతుంది. 'తల తిరుగుతోంది' అంటాం, 'కళ్ళు తిరుగుతున్నాయి' అని కూడా అంటాం. రెండోది పచ్చి నిజం. అలా గిర్రున తిరిగే ఆ కొద్ది సేపట్లో మీ కనురెప్పలు ఎత్తి చూస్తే గుడ్లు నిజంగానే కదులుతుంటాయి, ఒక వైపుకి మెల్లగా జారి, ఠక్కున వెనక్కి వస్తూ, మళ్ళీ జారుతూ. దీన్నే నిస్టాగ్మస్ అంటారు. గది కదలదు, మీ కళ్ళు కదులుతాయి కాబట్టి గది కదిలినట్టు కనిపిస్తుంది. అయితే ఇదే మాటని మనం బీపీ పడిపోయి కళ్ళు బైర్లు కమ్మినప్పుడూ వాడేస్తాం, ఆకలికి నీరసపడినప్పుడూ వాడేస్తాం, తూలినప్పుడూ వాడేస్తాం. డాక్టరు దగ్గరికెళ్ళి 'కళ్ళు తిరుగుతున్నాయండీ' అని ఊరుకుంటే ఆయన ఈ నాలుగిట్లో తనకి తోచినదాన్ని పట్టుకుంటారు. మీకు గ్యాస్ అనీ మెడ అనీ తేల్చిన కథంతా బహుశా ఇక్కడే మొదలైంది. మీరు రాసిన నాలుగు పేజీల్లో నాకు అన్నిటికన్నా పనికొచ్చింది ఒక్క వాక్యం: 'కుడివైపుకి ఒత్తిగిలితే అర నిమిషం గిర్రున తిరిగింది.' ఈసారి డాక్టరు దగ్గర మొదట ఈ వాక్యమే చెప్పండి, మెడ సంగతి తర్వాత.

చెవికీ కంటికీ సంబంధమేంటని మీకు అనిపించవచ్చు. ఈ ఉత్తరం చేత్తో పట్టుకుని, తల కదపకుండా కాగితాన్ని అటూ ఇటూ గబగబా ఊపండి, అక్షరాలు అలుక్కుపోతాయి. ఇప్పుడు కాగితం కదపకుండా తలని 'కాదు కాదు' అన్నట్టు ఊపితే చక్కగా చదవొచ్చు. (మీకు ఇది ఇబ్బంది కాబట్టి మీవారితో చేయించండి, ఆయనకీ తెలిసొస్తుంది.) తల కదిలిన సెకనులో వందో వంతు పాటి సమయంలో కళ్ళు సరిగ్గా అంతే వేగంతో ఎదురు దిక్కుకి కదులుతాయి కాబట్టి ఇది సాధ్యమవుతుంది. ఆ కబురు పంపేది లోపలి చెవి. ఒక్కో చెవిలో నీళ్లలాంటి ద్రవం నిండిన మూడు అర్ధచంద్రపు గొట్టాలుంటాయి, అవి మెదడుకి చెప్తే మెదడు కళ్ళకి చెప్తుంది. లోపలి చెవిని తెరిచి చూడలేం. అందుకని దాని మాట వినే కళ్ళని చూస్తాం. పరీక్షంతా ఇంతే. మీ చూపు ఎంత బాగుందో చూడటానికి కాదు, మీ చెవి కళ్ళతో ఏం చెప్తోందో, మధ్యలో మెదడు దాన్ని సరిగ్గా చేరవేస్తోందో లేదో వినడానికి.

ఇప్పుడు నాన్నగారి సంగతి. పీఎస్‌పీని మొదటిసారి వివరంగా రాసింది 1964లో, టొరంటో డాక్టర్లు ముగ్గురు. అందులో పాడయ్యేది చెవి కాదు, 'కిందికి చూడు' అని మెదడు కళ్ళకిచ్చే ఆజ్ఞ. మీ నాన్నగారి తలని డాక్టరు చేత్తో పట్టుకుని పైకీ కిందికీ వంచి చూశారని రాశారు కదా, 'అప్పుడు కళ్ళు బాగానే కదిలాయి, మరి లేదంటారేంటి' అని మీకు అప్పట్లో అర్థం కాలేదన్నారు. సమాధానం అందులోనే ఉంది. తల వంచినప్పుడు చెవి చెప్పింది, కళ్ళు విన్నాయి. చూడమన్నప్పుడు మెదడు చెప్పలేకపోయింది. అంటే కంటి కండరాలూ బాగున్నాయి, చెవీ బాగుంది, పై ఆఫీసు నుంచి కాగితం రావడం లేదు. మీ సంగతి దీనికి తలకిందులు. మీ కళ్ళు మీరు చెప్పకుండానే కదులుతున్నాయి. ఇద్దరికీ కళ్ళే చూస్తారు గానీ అడిగే ప్రశ్న వేరు. పైగా పీఎస్‌పీ సాధారణంగా అరవై దాటాక మొదలయ్యే జబ్బు, ఒకే కుటుంబంలో ఇంకొకరికి రావడం చాలా అరుదు, మంచం మీద ఒత్తిగిలితే అర నిమిషం గది తిరగడం దాని పద్ధతి కాదు.

ఇక ఆ అద్దం. దయచేసి మానేయండి, భయపెట్టే అలవాటని మాత్రమే కాదు, అసలు పని చేయని పరీక్ష అది. పీఎస్‌పీలో మొదట తగ్గేది కన్ను ఒకచోటి నుంచి ఇంకోచోటికి గెంతే వేగం. మన కళ్ళు గెంతే క్షణంలో మెదడు చూపుని అణిచేస్తుంది, అందుకే అద్దంలో మీ కుడికన్ను నుంచి ఎడమకన్నుకి ఎన్నిసార్లు చూపు మార్చినా మీ కళ్ళు కదలడం మీకు కనిపించదు. పక్కనున్నవాళ్ళకి కనిపిస్తుంది. ఏడు నెలలు చూసుకున్నా అద్దం మీకు ఏమీ చెప్పదు.

నాన్నగారు చొక్కా మీద అన్నం పోసుకుంటే కసురుకున్నానని రెండుసార్లు రాశారు. ఆయనకి కంచం కనిపించలేదమ్మా. మూడేళ్లు డాక్టర్లే పోల్చుకోలేదు, మీకెలా తెలుస్తుంది?

నన్ను నిజంగా ఆపిన విషయం వేరే ఉంది, మీరు దాన్ని ఉత్తరం చివర్లో ఒక మూలకి రాశారు. చెయ్యి వణకడం. మీరు దాన్ని నాన్నగారి ఖాతాలో వేశారు. నేను ముందు మీ మాత్రల డబ్బా వైపు చూస్తాను. సిన్నరిజిన్ నెలల తరబడి వాడితే కొంతమందికి చేతులు వణకడం, కదలికలు నెమ్మదించడం లాంటి పార్కిన్సన్ పోలిక లక్షణాలు వస్తాయి, మందు మానేశాక చాలామందికి వారాల్లోనో నెలల్లోనో మెల్లగా తగ్గుతాయి. మీకు అదే జరిగిందని నేననను, డాక్టరు చూడాలి. కానీ ఈ వారంలోనే, పరీక్ష తేదీ కోసం ఆగకుండా, 'ఐదు నెలలుగా ఈ మాత్ర వేసుకుంటున్నాను, రెండు నెలలుగా చెయ్యి వణుకుతోంది' అని ఈ రెండు ముక్కలూ పక్కపక్కన పెట్టి చెప్పండి. తిరుగుడు మాత్రలు మొదటి రెండు మూడు రోజుల వాంతులకీ గాభరాకీ బాగా పనికొస్తాయి. నెలల తరబడి వాడితే మెదడు తనంతట తాను సర్దుకునే పనిని అవే ఆలస్యం చేస్తాయి. మన దగ్గర ఈ మాత్రలు ఒకసారి రాస్తే ఇక ఆపేవాళ్ళుండరు, షాపులో పాత చీటీ చూపిస్తే ఇస్తూనే ఉంటారు, నాకు దీని మీద ఉన్న కోపం ఇక్కడ రాస్తే పేజీ చాలదు.

పరీక్ష చేయించుకోవాలా అన్నారు. మీ ముందు మూడు దారులున్నాయి.

మొదటిదానికి మెషీనే అక్కర్లేదు, ఒక మంచం చాలు. మిమ్మల్ని కూర్చోబెట్టి, తల కుడివైపుకి సగం తిప్పి, గబుక్కున వెనక్కి పడుకోబెట్టి, తల మంచం అంచు కిందికి కాస్త వాలేలా పట్టుకుని, మీ కళ్ళలోకి చూస్తారు. డిక్స్, హాల్‌పైక్ అనే ఇద్దరు 1952లో లండన్ నుంచి రాసిన పద్ధతి, ఇప్పటికీ ఇదే. లోపలి చెవిలో సున్నం రేణువుల్లాంటి చిన్న చిన్న స్ఫటికాలుంటాయి. అవి ఊడి గొట్టంలో పడితే తల తిప్పినప్పుడల్లా ద్రవాన్ని తోసి చెవి చేత అబద్ధం చెప్పిస్తాయి. వెనక గొట్టంలో పడితే, ఎక్కువమందికి పడేది అక్కడే, పడుకోబెట్టిన రెండు మూడు సెకన్లు ఏమీ ఉండదు, ఆ తర్వాత కళ్ళు నుదుటి వైపుకి కొడుతూ, కిందికున్న చెవి వైపుకి సుడి తిరుగుతూ కదిలి, నిమిషంలోపు ఆగిపోతాయి. ఒత్తిగిలితే రావడం, అటక వైపు తలెత్తితే రావడం, అర నిమిషంలో పోవడం, మీ ఉత్తరంలోని ఈ మూడూ చూస్తే నా అనుమానం ఇటే పోతోంది. కళ్ళు అలాగే కదిలాయనుకోండి, అదే మంచం మీద అప్పటికప్పుడే తలని వరసగా తిప్పి ఆ రేణువుల్ని గొట్టంలోంచి బయటికి జార్చే ఎప్లీ పద్ధతి చేస్తారు. అమెరికాలో పోర్ట్‌లాండ్ డాక్టరు ఎప్లీ 1992లో దీని మీద ప్రచురించిన వ్యాసం ప్రసిద్ధం. తల తిప్పితే జబ్బు పోవడమేంటని ఆయన్ని తోటి డాక్టర్లే చాలాకాలం ఎగతాళి చేశారు. చాలామందికి ఒకటి రెండుసార్లకే తగ్గిపోతుంది, కొందరికి మళ్ళీ రావచ్చు, వస్తే మళ్ళీ చేస్తారు. చేసే అర నిమిషం మాత్రం మీకు తిరిగి తీరుతుంది, అది ముందే తెలుసుకుని వెళ్ళండి. ఫోన్లో వీడియో చూసి ఇంట్లో చేసుకోవద్దు, ఏ చెవి, ఏ గొట్టం అన్నది తేలకుండా చేస్తే రేణువులు ఇంకో గొట్టంలోకి వెళ్ళిన కేసులు చూశాను. మీ మెడలో నిజంగా అరుగుదల ఉంటే ఆ మాట కూడా ముందే చెప్పాలి, తలని అంత వెనక్కి వాల్చకుండా చేసే మార్గాలున్నాయి.

రెండో దారి మీ డాక్టరు చెప్పిన పూర్తి పరీక్ష, వీఎన్‌జీ, అంటే కళ్ళ కదలికల్ని వీడియో తీసి కొలిచే పరీక్ష. చీకటి గాగుల్స్, లోపల ఇన్‌ఫ్రారెడ్ కెమెరా. చీకటెందుకంటే, చెవి వల్ల వచ్చే కదలికని మనం ఒక చుక్కనో గోడనో గుచ్చి చూసి అణచగలం, చీకట్లో ఆ ఆసరా ఉండదు. మొదట ఒక చుక్క అటూ ఇటూ పైకీ కిందికీ గెంతుతుంది, కళ్ళతో పట్టుకోవాలి, ఎంత ఆలస్యంగా, ఎంత వేగంగా, ఎంత గురిగా వెళ్ళాయో కంప్యూటరు గీస్తుంది. తర్వాత మెల్లగా జరిగే చుక్కని వెంబడించాలి. ఈ భాగం చెవి గురించి కాదు, మెదడు, చిన్నమెదడు గురించి. కాబట్టి మీ నాన్నగారి భయానికి కూడా ఇక్కడే కొంత జవాబు దొరుకుతుంది. పడుకోబెట్టి తిప్పినప్పుడు కళ్ళు సూటిగా కిందికి కొడుతూ, ఆ భంగిమలో ఉన్నంతసేపూ ఆగకపోతే చెవిని వదిలి మెదడు వైపు చూడాలి. అలాంటి తేడాలు పట్టడానికే ఇదంతా.

చివర్లో నీళ్లు. మీకు చెప్పినవాళ్ళు అబద్ధం చెప్పలేదు, కాస్త కారం కలిపారు, అంతే. ఒక్కో చెవిలోకి అర నిమిషం పాటు 30 డిగ్రీల నీళ్లు, కాసేపాగి 44 డిగ్రీల నీళ్లు పోస్తాం, కొన్నిచోట్ల గాలితో చేస్తారు. మన ఒంటి వేడికి ఏడు డిగ్రీలు అటూ ఇటూ. ఆ తేడాకి గొట్టంలో ద్రవం కదిలి ఒకటి రెండు నిమిషాలు తిరుగుతుంది, పోతుంది. చచ్చేంతగా ఏం కాదు, రంగులరాట్నం దిగినంత. దీన్ని కనిపెట్టింది వియన్నాలో బరానీ అనే చెవి డాక్టరు. చెవులు కడిగేటప్పుడు నీళ్లు చల్లగా ఉంటే పేషెంట్లు తిరుగుతోందనేవారు, బాగా వేడిగా ఉన్నా అనేవారు, కళ్ళు మాత్రం రెండిటికీ ఎదురెదురు దిక్కులకి కొట్టేవి. అక్కణ్ణుంచి లాగారు తీగ. 1914 నోబెల్ ఆయనకి వచ్చిన కబురు రష్యాలో యుద్ధఖైదీగా ఉండగా అందింది. తిరిగేటప్పుడు మేము మిమ్మల్ని ఊరుకోనివ్వం, ఊళ్ల పేర్లు చెప్పండి, వందలోంచి ఏడేడు తీసేస్తూ రండి అంటాం, మెదడు మెలకువగా ఉండకపోతే కళ్ళ కదలిక తగ్గిపోతుందని. లెక్కల టీచరు కాబట్టి మీకు పదమూడో ఎక్కం అడుగుతారేమో. రెండు చెవులూ దాదాపు సమానంగా పలకాలి, పాతిక శాతం దాటి తేడా ఉంటే ఒక చెవి బలహీనమని అర్థం. చెవిపొరకి చిల్లు ఉంటే నీళ్లు పోయరు, ముందు చెవి చూడమనండి.

ఈ దారిలో ఒక చిక్కుంది. మత్తు తెప్పించే ఈ తిరుగుడు మాత్రలు ఒంట్లో ఉండగా చేస్తే కళ్ళు నెమ్మదిగా గెంతుతాయి, చుక్కని సరిగ్గా వెంబడించవు, రిపోర్టులో 'సెంట్రల్', అంటే లోపం మెదడులో ఉందేమో అనే మాట పడుతుంది. మీరు ఆ ముక్క చదివి నాన్న జబ్బే అని కూలబడతారు. అందుకే సాధారణంగా 48 గంటల ముందు తిరుగుడు మాత్రలు ఆపమంటారు. బీటాహిస్టిన్ విషయంలో ఒక్కోచోట ఒక్కో పద్ధతి, పరీక్ష చేసేచోటే అడగండి. బీపీ, షుగరు, గుండె, ఫిట్స్ మందులు వాడేవాళ్ళు వాటిని మాత్రం ముట్టుకోకూడదు. ఆ రిపోర్టు జబ్బు పేరు చెప్పే చీటీ కూడా కాదు, ఒత్తిగిలిన కథతో కలిపి చదివితేనే దానికి అర్థం.

మూడో దారి, ఏమీ చేయకుండా ఇలాగే ఉండటం. రేణువుల జబ్బే అయితే కొందరికి దానంతటదే పోతుంది, ఆ మాట దాచను. కానీ మీకు ఏడు నెలలైంది, దిండ్లు మూడయ్యాయి, బండి పోయింది, చెయ్యి వణుకుతోంది. దూది మీద నడకకి ఇంకో కారణమూ ఉండొచ్చు. మొదట చెవిలో మొదలైన తిరుగుడు తగ్గినా, భయంతో ఒళ్ళు బిగించి నడవడం అలవాటై తూలుడు నిలిచిపోతుంది, మూడు నెలలు దాటితే దాన్ని ఒక విడి జబ్బుగానే గుర్తించారు, 2017లో దాని లక్షణాలు రాసి పెట్టారు. వ్యాయామాలతో, అవసరమైతే మందులతో బాగుపడుతుంది. కాబట్టి మీవారి 'టెన్షన్' మాటలో ఒక వీసమెత్తు నిజం ఉంది, కాకపోతే అది మొదలు కాదు, కొస.

నన్నడిగితే మొదటి దారితో మొదలుపెట్టి, అందులో తేలకపోతే రెండోదానికి వెళ్తాను. మీ డాక్టరు వీఎన్‌జీ అన్నారంటే మంచం పరీక్ష చేసి ఏమీ కనపడకనే అన్నారేమో, మీ ఉత్తరంలో ఆ సంగతి లేదు. అడగండి. మాత్రల మత్తులో, చీకటి గాగుల్స్ లేకుండా చేసి ఉంటే దొరకకపోవచ్చు కూడా.

మీవారితో గొడవ పడకండి, ఎమ్మారైకి డబ్బు కట్టిన మనిషి, ఆ ప్రశ్న న్యాయమైనదే. ఎమ్మారై ఇంటికి తీసిన ఫొటో, తీగల్లో కరెంటు పారుతోందో లేదో ఫొటోలో కనపడదని చెప్పండి. ఆ రేణువులు దానికి కనపడేంత పెద్దవీ కావు. మీలా అర నిమిషం కాదు, గంటల తరబడి ఆగకుండా తిరుగుతున్నప్పుడు కూడా, పక్షవాతమా చెవా అని తేల్చడానికి మొదటి రోజు ఎమ్మారై కన్నా కళ్ళని చూడటం తెలిసిన డాక్టరే మేలని 2009లో 101 మంది మీద చేసిన అధ్యయనంలో తేలింది. ఇంకొకటి, ఈసారి ఎప్పుడైనా తిరిగితే లైటు వేసి, మీ కళ్ళు పెద్దవి చేసి ఉంచండి, ఆయన్ని ఫోను దగ్గరగా పెట్టి వీడియో తీయమనండి. పావు నిమిషం చాలు. డాక్టరుకి అది బంగారం. ఆయనకి కూడా, గుడ్లు అలా కొట్టుకోవడం స్వయంగా చూశాక టెన్షన్ అనే మాట ఇక నోట రాదు.

మాట తడబడటం, ఒకటి రెండుగా కనపడటం, మూతి వంకర, చెయ్యో కాలో పట్టు తప్పడం, అసలు నిలబడలేకపోవడం, ఎన్నడూ లేని తలనొప్పి, ఉన్నట్టుండి చెవి వినపడకపోవడం, వీటిలో ఏది తోడైనా ఈ ఉత్తరాలూ వీఎన్‌జీలూ పక్కన పెట్టి 108కి ఫోన్ చేయండి.

పరీక్షకి వెళ్ళే రోజు కాటుక పెట్టుకోకండి, కెమెరా కనుపాపకి బదులు కాటుక గీతని పట్టుకుని మా ప్రాణం తీస్తుంది. ఆ పొద్దున కాఫీ వద్దు. రెండు మూడు గంటల ముందు రెండు ఇడ్లీలు తిని వెళ్ళండి, కడుపు నిండా వద్దు. జీలకర్ర కషాయం అత్తగారు ఇస్తే తాగండి, దానివల్ల రిపోర్టు మారదు. తిరిగొచ్చేటప్పుడు ఒక్కరే బస్సెక్కకండి, మీవారిని వెంట తీసుకెళ్ళండి, వీలైతే లోపలికి రానిచ్చి స్క్రీన్ మీద మీ కళ్ళు ఆయనకి చూపించమని అడగండి.